అంచులేని వైపు

దశరథం తెరను చీర మడతపెట్టినట్టే మడతపెడతాడు, అంచు పైకి, కొసలు లోపలికి. ఆ పొద్దు కూడా అంతే. నిరోషకు నవ్వాగలేదు.

"సినిమా తెరకు అంచేంది పెద్దనాయినా? ఎవరన్న నేస్తరా గిట్ల?"

"చెయ్యి ఊకుంటదా బిడ్డా!"

నిరోష గద్వాలలో ఆయన వీధి పిల్లే. నూలు ధర తగ్గించాలని నేతగాళ్లు చేసిన ధర్నాను సినిమా తీసి ఊరూరా చూపిస్తోంది. తెర నేసిందీ, మోసేదీ, కట్టేదీ దశరథం. కూలి అడగడు. టీ పోస్తే చాలు, మహారాజు!

మూడు గుడ్డలు కలిపి కుట్టిన ఆ తెరకు ఒకవైపే ఎర్రంచు. రెండోవైపు బోసి. అంచును వేరే పోగుతో గుడ్డకు కలిపే కుట్టంచు నేతకు మగ్గం మీద చెరోవైపు ఇద్దరు కూర్చోవాలి. కుడివైపు పోగు విసిరే నాడె ఆయన భార్య కౌసల్యమ్మది. ధర్నా అయ్యాక, పోయిన వానాకాలంలో, జ్వరమని దవాఖానకు వెళ్లి ఆమె మళ్లీ రాలేదు. తెరకు ఎడమంచు ఎలాగో నేశాడు. కుడివైపుకి చెయ్యాడలేదు పాపం, వదిలేశాడు.

సినిమాలో కౌసల్యమ్మ ఉంది. ధర్నా గుడారంలో ఎడమ కొసన కూర్చుని, ఎవరో ఏదో అంటే కొంగు అడ్డం పెట్టుకుని నవ్వుతుంది. కళ్లు మూసి తెరిచేలోపు అయిపోతుంది. ఆ కాస్త నవ్వు కోసమే ఈ ముసలాయన ఇన్ని ఊళ్లు తిరిగేది.

బిజినేపల్లి బస్సులో నిరోష చల్లగా చెప్పింది. "పట్నంల చూపిస్తరంట. జర చిన్నగ చెయ్యమన్నరు. మాటల్లేని ముక్కలన్నీ తీసెయ్యాలె. పాతది ఇయ్యాల్టితోటి ఆఖరు."

దశరథం ఆమె వైపు తిరిగాడు. "మీ పెద్దమ్మ ఉంటదా మరి?"

"చూస్త," అని కిటికీ వైపు తిరిగింది.

ఆయన ఒళ్లోని తెర మడత సరిచేసుకున్నాడు.

మసక పడ్డాక రెండు వాసాలకు తెర కట్టాడు. జనం ముందు కూర్చున్నారు. ఆయన ఎప్పటిలా వెనక్కి వెళ్లి వాసానికి ఆనుకుని కూర్చున్నాడు. పల్చని గుడ్డ, బొమ్మ ఇటూ కనిపిస్తుంది. వెనక నుంచి చూస్తే కౌసల్యమ్మ కుడివైపుకి వస్తుంది, మగ్గం మీద తన చోటికి. అక్కడ అంచు ఉండదు.

గాలికి తెర మెల్లగా ఊపిరి తీస్తోంది. నినాదాలు ఎక్కడో దూరంగా వినిపిస్తున్నాయి. కౌసల్యమ్మ వచ్చింది.

పోలేదు. ఈపాటికి పోవాలి. అలాగే నవ్వుతూ కూర్చుంది.

"ఇయ్యాల తీరిక దొరికిందా నీకు?" అన్నాడు దశరథం. ప్రాణం తేలికైంది. నాడె అందుకోవడానికన్నట్టు కుడిచెయ్యి చాచాడు.

"ఏమాయెనమ్మా, సినిమా ఆగిపాయె!" అని ముందు నుంచి ఎవరో అరిచారు.

"జర ఆగుండ్రి," అంటూ నిరోష తెర వెనక్కి వచ్చింది. "నేనే ఆపిన పెద్దనాయినా. కండ్లనిండ సూడు. పెద్దమ్మను తియ్య, ఉంచుత."

ఆయన పలకలేదు. భుజం పట్టుకుని కదిపింది. తల పక్కకు ఒరిగింది. ఊపిరి లేదు. అరచెయ్యి మాత్రం ఇంకా తెరిచే ఉంది.

నిరోష అక్కడే కూలబడింది. గాలికి ఎర్రంచు ఊగుతోంది. అంచులేని వైపు కౌసల్యమ్మ నవ్వుతూనే ఉంది.