ఎనభైకి ఎన్ని సెకన్లు

మా కారుకు పికప్ లేదని మొదట అన్నది నేను. కారుకు కాదు, నీకే ధైర్యం లేదన్నాడు మా ఆయన. రెండూ కాదు, హైవే మీద తిరిగేవాళ్ళకు ఓపిక లేదన్నాడు మా నాన్న. రోగం ఒకటే, పేర్లు మూడు. ఒక్క పరీక్ష కూడా చేయకుండా ముగ్గురం వారం రోజులు వాదించుకున్నాం. రక్తపరీక్షల ల్యాబ్‌లో పదకొండేళ్ళుగా పనిచేస్తున్నదాన్ని, నేనూ నోటికొచ్చిన రోగం పేరు చెప్పి కూర్చున్నందుకు ఇప్పటికీ సిగ్గేస్తుంది.

నిజానికి నా దగ్గర అంత తీరిక లేదు. హైవేకి అవతల కొత్తగా క్లినిక్ పెట్టినవాళ్ళు ల్యాబ్ మొత్తం నా చేతిలో పెడతామన్నారు. ఇన్నేళ్ళూ రిపోర్టు నేను తయారుచేస్తే కింద సంతకం ఇంకొకరు పెట్టేవారు. అక్కడైతే సంతకం నాదే. కాకపోతే పొద్దున ఏడింటికల్లా ల్యాబ్ తెరవాలి. ఆ వేళకు అక్కడికి చేర్చే బస్సు లేదు. మా ఆయన ప్రింటింగ్ ప్రెస్సులో పనిచేస్తాడు, ఆరింటికే స్కూటరెక్కి దానికి ఎదురు దిక్కుకు పోతాడు. ఇంట్లో చిన్న కారుంది, నాకు లైసెన్సుంది. వచ్చే శనివారంలోగా వస్తారో రారో చెప్పమన్నారు.

మధ్యలో అడ్డం ఉన్నదల్లా హైవే ఎక్కే ర్యాంపు. ఎత్తుగా ఉంటుంది, పొడవు తక్కువ. పైన లారీలు ఎనభైలో పోతుంటాయి. వాటి మధ్యలో దూరాలంటే ర్యాంపు అయిపోయేలోపు మనమూ ఆ వేగం అందుకోవాలి. నేను రెండుసార్లు ప్రయత్నించాను. రెండోసారి యాక్సిలరేటర్ అడుగంటా తొక్కినా స్పీడోమీటరు ముల్లు యాభై దగ్గరే బద్ధకంగా ఊగింది. పక్కనుంచి లారీ దూసుకొస్తుంటే ర్యాంపు చివర బ్రేకు వేసేశాను. వెనకున్న వ్యాను నన్ను గుద్దకుండా ఎలా ఆగిందో ఆ డ్రైవరుకే తెలియాలి. పది నిమిషాలు అక్కడే ఇరుక్కుని, అందరి హారన్లూ వింటూ ఏడ్చాను. చివరికి ట్రాఫిక్ పోలీసు బళ్ళు ఆపి నన్ను పంపించాడు. ఇంటికొచ్చి "ట్రాఫిక్ ఎక్కువగా ఉంది" అని మాత్రం చెప్పాను.

నాన్న ముప్ఫై ఒక్క ఏళ్ళు బస్సు నడిపాడు. డీజిల్ ఆదా చేసినందుకు డిపోలో మొదటి బహుమతి తొమ్మిదిసార్లు వచ్చింది. ప్రతిసారీ గోడగడియారమే ఇచ్చారు. ఆ తొమ్మిదీ మా ముందుగది గోడ మీదే ఉన్నాయి, ఏ రెండూ ఒకే టైము చూపించవు. నాలుగేళ్ళ కిందట కంటి ఆపరేషన్ అయ్యాక తన కారు నాకిచ్చేశాడు, నడపడం తనే నేర్పాడు. త్వరగా గేరు మార్చు, ఇంజన్ని ఏడిపించకు, ఇదీ ఆయన పాఠం. "మా అమ్మాయి కాలు పెడల్ మీద పువ్వు పెట్టినట్టు పెడుతుంది" అని వీధిలో అందరికీ చెప్పుకుంటాడు.

ఆదివారం పొద్దున నాకు తిక్క రేగింది. "వాదనలు చాలు, కొలుద్దాం" అన్నాను. మూతపడిన మిల్లు వెనక తిన్నటి రోడ్డు ఉంది, మనిషి తిరగడు. ముగ్గురం అక్కడికి వెళ్ళాం. మా ఆయన పక్కసీట్లో ఫోన్‌లో స్టాప్‌వాచ్ పెట్టుకుని కూర్చున్నాడు. నాన్న వెనకసీట్లో పరీక్షాధికారిలా చేతులు కట్టుకుని కూర్చున్నాడు. ఆగి ఉన్న బండి ఎనభై అందుకోవడానికి ఎన్ని సెకన్లు పడుతుందో చూడాలి. మూడుసార్లు చూశాం. ఇరవయ్యేడు, ఇరవయ్యారు, ఇరవయ్యేడు.

"ఇరవయ్యేడు సెకన్లలో నేను చొక్కా ఇస్త్రీ చేసుకుంటాను" అన్నాడు మా ఆయన.

"ఇస్త్రీపెట్టె ఎక్కడుంటుందో తెలుసా మీకు?" అన్నాను. ఆయన స్టాప్‌వాచ్‌ని మళ్ళీ సున్నాకు తెచ్చాడు.

ఒకసారికి ఒక్క మార్పే చేయాలని పట్టుబట్టాను. ఒకేసారి నాలుగు మందులు మింగితే ఏది పనిచేసిందో ఎవరు చెప్పగలరు? ముందు డిక్కీ తెరిచాం. రెండు జాకీలు, ఇరవై లీటర్ల నీళ్ళ డబ్బా, చక్రాల కింద పెట్టే రెండు బండరాళ్ళు, తాడు, గొలుసు, సగం వాడిన పెయింటు డబ్బాలు బయటపడ్డాయి. "అవసరం చెప్పి రాదు" అని నాన్న గొణుగుతూనే ఉన్నాడు. అన్నీ రోడ్డు పక్కన దించి, వాటికి కాపలాగా ఆయన్నే నిలబెట్టి మళ్ళీ చూశాం. ఇరవై నాలుగున్నర. డిక్కీ బరువు ఎంత, నాన్న బరువు ఎంత అన్నది తేల్చలేదని మా ఆయన అన్నాడు. సరే, నాన్నను ఎక్కించి ఇంకోసారి చూశాను. ఇరవయ్యైదు. తర్వాత టైర్లలో గాలి చూస్తే నాలుగింటికి నాలుగూ మెత్తగా ఉన్నాయి. గాలి పట్టించాక ఇరవై నాలుగు. సంతోషమే కానీ, ఆ ర్యాంపుకు ఇది చాలదు.

గురువారం సెలవు పెట్టి మెకానిక్ దగ్గరికి వెళ్ళాను. అందరూ అతన్ని డాక్టర్ అంటారు. ఇంజన్ మీద స్క్రూడ్రైవర్ ఆనించి, పిడికి చెవి పెట్టి, కళ్ళు మూసుకుని వింటాడు. నాన్నను రమ్మంటే నడుం నొప్పి అన్నాడు. కారు విషయంలో ఆయన నడుం ఎప్పుడూ నొప్పి పెట్టలేదు, కానీ నేనప్పుడు పట్టించుకోలేదు.

డాక్టర్ ఎయిర్ ఫిల్టర్ తీసి చూపించాడు. దుమ్ము పట్టి దుప్పటిలా ఉంది. కొత్తది వేసి, మిల్లు రోడ్డు దాకా నాతో వచ్చాడు. ఇరవై మూడు. నేను నడిపే తీరు చూసి తల గోక్కున్నాడు.

"మేడమ్, గేరు ఎందుకంత తొందరగా మారుస్తున్నారు?"

"ఇంజన్ ఏడుస్తుందని."

"ఏడవట్లేదు, పాడుతోంది. పాడనివ్వండి. ఇది పెట్రోల్ బండి, చిన్న ఇంజన్. బాగా తిరిగితేనే దానికి బలం వస్తుంది. మీరు అది నిద్రలేచే లోపలే మళ్ళీ పడుకోబెట్టేస్తున్నారు. ఎవరు నేర్పారు మీకు?"

"మా నాన్న. బస్సు డ్రైవర్."

"అదీ సంగతి! బస్సు డీజిలింజన్‌కి కిందనే బలం ఉంటుంది. ఆయన నేర్పింది బస్సుకి కరెక్టే మేడమ్. మీరు నాలుగేళ్ళుగా కార్లో బస్సు నడుపుతున్నారు."

సెకండ్ గేరు వదలకుండా అరవై దాకా లాగమన్నాడు. ఇంజన్ ఆ గొంతు ఎత్తుతుంటే నాకు చెమటలు పట్టాయి, ఏదో విరిగి ఒళ్ళో పడుతుందనిపించింది. ఏదీ పడలేదు. పంతొమ్మిది! నేను స్టీరింగు మీద అరచేత్తో చరిచాను. డాక్టర్ మాత్రం నవ్వలేదు.

"క్లచ్ జారట్లేదు, బ్రేకులు చక్రాలకు అంటుకుపోవట్లేదు. దీనికి పద్నాలుగు లోపే రావాలి. ఎక్కడో ఏదో అడ్డుపడుతోంది" అంటూ బానెట్ ఎత్తాడు. "పెడల్ పూర్తిగా తొక్కండి."

"తొక్కాను."

"పూర్తిగా."

"పూర్తిగానే తొక్కాను బాబూ, ఇంక కింద నేలే!"

నన్ను దిగి వచ్చి చూడమన్నాడు. పెడల్ నుంచి వచ్చిన తీగ ఇంజన్ దగ్గర ఒక చిన్న మీటను లాగుతుంది. అది ఎంత కదిలితే ఇంజన్లోకి అంత గాలి పోతుంది. నేను అడుగంటా తొక్కినప్పుడు ఆ మీట సగానికి కాస్త అవతల ఆగింది. అతను వేలితో లాగితే ఇంకా చాలా దూరం జరిగింది. డాక్టర్ డ్రైవర్ సీటు దగ్గర మోకాళ్ళ మీద కూర్చుని కాళ్ళకింద మ్యాట్ ఎత్తాడు.

పెడల్ వెనక, నేలకు, లారీ టైరులోంచి కోసిన రబ్బరు ముక్క ఒకటి బిగించి ఉంది. అంచులు నునుపుగా చెక్కి, నల్లరంగు వేసి, రెండు స్క్రూలు తిన్నగా దించారు. నేను నేల అనుకుని ఇన్నాళ్ళూ తొక్కింది దాన్నే.

"ఇది డిపో పని మేడమ్" అన్నాడు డాక్టర్, గొంతు తగ్గించి. "పాత డ్రైవర్లు పెట్టేవాళ్ళు. తీసేయనా?"

"వద్దు" అన్నాను. "పెట్టిన చెయ్యే తీయాలి."

నేను ఇంటికి వెళ్ళేసరికి నాన్న ఒక గడియారానికి బ్యాటరీ మారుస్తున్నాడు. మా ఆయన అప్పుడే ప్రెస్సు నుంచి వచ్చి కాళ్ళు కడుక్కుంటున్నాడు.

"నాన్నా, కార్లో పెడల్ కింద ఏముంది?"

ఆయన గడియారాన్ని మెల్లగా బల్ల మీద పెట్టాడు. "చూశావా?"

"చూశాను."

"మా డిపోలో కొత్త డ్రైవర్లందరికీ పెట్టేవాళ్ళం తల్లీ. ఆర్నెల్లు. కాలికి బుద్ధి వచ్చేదాకా. నీకూ ఆర్నెల్లే అనుకున్నా."

"నాలుగేళ్ళయింది!"

"తీద్దామని రెండుసార్లు కార్లో కూర్చున్నా. నువ్వు అంత నెమ్మదిగా పోతుంటే నాకు ప్రాణం హాయిగా ఉండేది. నేను రోడ్డు మీద చూసినవన్నీ మీకు చెప్పలేదు. చెప్పే విషయాలు కావవి. మనసొప్పలేదమ్మా."

"నెమ్మదిగా పోయింది నేను కాదు నాన్నా, నీ రబ్బరు ముక్క!" నా గొంతు వీధిలోకి వినిపించే ఉంటుంది. అప్పుడు చెప్పాను, దాచుకున్నదంతా. ర్యాంపు, లారీ, వెనక వ్యాను, పోలీసు, ఏడుపు. "ఆ వ్యాను ఆగకపోతే ఇవాళ ఇక్కడ నిలబడి నీతో పోట్లాడేదాన్ని కాదు. ఇంకోటి చెప్పనా? లోపం నాలోనే ఉందనుకున్నా. నా అంత పిరికిది లోకంలో లేదనుకున్నా. ఉద్యోగం వద్దని చెప్పడానికి మాటలు కూడా వెతుక్కున్నా."

నాన్న ముఖం పాలిపోయింది. మా ఆయన తుండుగుడ్డ చేతిలో పట్టుకుని తలుపు దగ్గరే ఆగిపోయాడు. ధైర్యం లేదని నన్నన్నది ఆయనకు గుర్తొచ్చిందని ముఖం చూస్తేనే తెలిసింది.

ఎవరూ ఏమీ అనకముందే నాన్న టార్చిలైటు, స్క్రూడ్రైవర్ తీసుకుని కిందికి దిగాడు. అరవై ఎనిమిదేళ్ళ మనిషి కారు తలుపులోంచి వెల్లకిలా దూరి, కాళ్ళు బయటపెట్టి పడుకున్నాడు. ఒక స్క్రూ తుప్పు పట్టి ఎంతకీ రాలేదు. "నేను తీస్తాను మావయ్యా, మీరు లేవండి" అని మా ఆయన అంటే, "నువ్వు లైటు పట్టుకో" అన్నాడు. అరగంట పట్టింది. రబ్బరు ముక్క చేత్తో పట్టుకుని, చొక్కా అంతా మురికితో లేచి నిలబడ్డాడు.

"తప్పు నాది" అన్నాడు.

మా నాన్న నోట ఆ రెండు మాటలు నేను పుట్టి బుద్ధెరిగాక వినలేదు. నా కోపం అంతా ఎక్కడికి పోయిందో తెలియదు. ఆయన చొక్కా మీద దుమ్ము దులుపుతూ నిలబడ్డాను.

శుక్రవారం పొద్దున మా ఆయన ప్రెస్సుకు ఆలస్యంగా వస్తానని చెప్పి నాతో వచ్చాడు. మిల్లు రోడ్డు మీద పెడల్ తొక్కితే, నేను నేల అనుకున్న చోట ఆగకుండా ఇంకా కిందికి పోయింది. మెట్టు ఉందనుకుని కాలు వేస్తే లేనప్పటిలా గుండె జారింది. మరుక్షణం కారు నన్ను సీటుకు అదిమింది. పదమూడు. మా ఆయన ఆ అంకె నాకు చూపించి, "క్షమించు. నీకు ధైర్యం లేదన్నాను, సగం పెడల్‌తో హైవే ఎక్కబోయినదానికి" అన్నాడు. ఈసారి నేను వెటకారం చేయలేదు.

శనివారం నాన్న పక్కసీట్లో కూర్చున్నాడు, పిలవకుండానే. ర్యాంపు మొదలైంది. సెకండ్ గేరులో ఇంజన్ని పాడనిచ్చాను. నలభై, యాభై ఐదు, థర్డ్ వేశాను, డెబ్భై. పక్క అద్దంలో లారీ ఉంది. ర్యాంపు ఇంకా మిగిలి ఉండగానే ఎనభై వచ్చేసింది. లారీకి ముందు, దాని డ్రైవరుకు బ్రేకు మీద కాలు పెట్టే పని కూడా లేకుండా, వరసలో కలిసిపోయాను. ఎవరూ హారన్ కొట్టలేదు. ఎవరూ హారన్ కొట్టకపోవడం అంత బాగుంటుందని నాకప్పుడే తెలిసింది. గట్టిగా నవ్వేశాను. నాన్న తలుపు పిడి పట్టుకుని ముందుకే చూస్తున్నాడు.

క్లినిక్ గేటు ముందు బండి ఆపగానే ఆయన దిగి తలుపు వేశాడు.

"నేను బస్సులో వస్తా. నువ్వు ఒక్కదానివే వెనక్కి వెళ్ళు."

"అదేంటి నాన్నా?"

"ఇటునుంచి ఎక్కే ర్యాంపు ఇంకా పొట్టిది. నేను పక్కనుంటే నీ చెవి నా మీదే ఉంటుంది. రోజూ నేను రాను కదా."

"నీకు భయం వేయదా?"

"వేస్తుంది. చచ్చేంత వేస్తుంది" అన్నాడు, కిటికీలోకి వంగి. "అది నా భయం తల్లీ. ఇన్నాళ్ళూ తెచ్చి నీ కాలికింద పెట్టాను. ఇక నా దగ్గరే ఉండనీ."

ఆయన రోడ్డు దాటి బస్‌స్టాపు వైపు నడిచాడు. వెనక్కి తిరిగి చూడకూడదని బలవంతంగా మెడ బిగించుకుని నడుస్తున్నాడని వీపు చూస్తేనే తెలుస్తోంది. నేను గేరు వేశాను.

ఆయన బస్సు మా వీధికి చేరేసరికి గంటంపావు పట్టింది. నేను అప్పటికే ఇంట్లో ఉన్నాను, సోమవారం ఏడింటికి వచ్చి ల్యాబ్ తెరుస్తానని క్లినిక్‌కు ఫోన్ చేసి చెప్పేశాను.