శామ్సన్ అన్న ఉత్తరాల డబ్బా

ఆ ఫిర్యాదు రాసింది నేనే. ముందే చెప్పేస్తున్నాను. చివరిదాకా దాచిపెట్టి మిమ్మల్ని ఊరించే ఓపిక నాకు లేదు. ఇంగోల్‌స్టాట్‌లో శామ్సన్ అన్న ఉండే బిల్డింగును చూసుకునే కంపెనీ వెబ్‌సైట్లో ఒక ఫారం ఉంటుంది. "మూడో అంతస్తులో ఒకే ఇంటి మీద పద్నాలుగు పేర్లున్నాయి, దయచేసి విచారించండి" అని జర్మన్‌లో ఒక్క తప్పు లేకుండా రాశాను. నా పేరు రహస్యంగా ఉంచాలి అన్న గడిలో టిక్ పెట్టాను. అది ఆగస్టులో ఒక ఆదివారం పొద్దున. తర్వాత స్నానం చేసి, ఆరాధనకు వెళ్ళి, ముందు వరసలో కూర్చుని పాటలు కూడా పాడాను.

ఆ పద్నాలుగు పేర్లలో మొదటిది శామ్సన్ అన్నది. రెండోది నాది.

జర్మనీ సంగతి తెలియనివాళ్ళకు ఒక ముక్క చెప్పాలి. ఇక్కడ మనిషికి అన్నిటికన్నా ముందు కావలసింది అన్‌మెల్డుంగ్. అంటే ఫలానా ఇంట్లో ఉంటున్నానని టౌన్ ఆఫీసులో పేరు రాయించుకోవడం. అది లేకపోతే బ్యాంకు ఖాతా లేదు, వీసా పొడిగింపు లేదు, జీతం కూడా సరిగా పడదు. గది దొరకడమే గగనం. దొరికినా, అద్దెకిచ్చేవాడు "ఉండు, కానీ నా ఇంటి మీద పేరు రాయించొద్దు" అంటాడు. ఐదేళ్ళ కిందట నేను కాకినాడ నుంచి మాస్టర్స్‌కి వచ్చినప్పుడు సరిగ్గా అలాంటి గదే దొరికింది. తెలుగు క్రైస్తవుల ఫెలోషిప్పులో పరిచయమైన రెండో వారమే శామ్సన్ అన్న కాగితం మీద సంతకం పెట్టి, నేను తన ఇంట్లోనే ఉంటున్నట్టు రాయించాడు. ఉండని మనిషిని ఉన్నట్టు రాయించడం తప్పని ఆయనకీ తెలుసు, నాకూ తెలుసు.

"దేవుడి బిడ్డవి, అడ్రసు లేకుండా తిరుగుతావేంట్రా" అన్నాడు.

సిల్వీ వదిన తెల్ల టేపు ముక్క మీద స్కెచ్ పెన్నుతో 'ఎలియాస్' అని ఇంగ్లీషులో గుండ్రంగా రాసి, కింద ఉత్తరాల డబ్బాకి అతికించింది. డబ్బా మీద పేరు లేకపోతే ఇక్కడ పోస్టుమ్యాన్ ఉత్తరం వెయ్యడు, వెనక్కి పంపేస్తాడు. ఆ రోజు వదిన చేపల పులుసు పెట్టింది. మొహమాటం లేకుండా మూడుసార్లు వడ్డించుకున్నాను.

నా వెనకాల పాలకొల్లు నుంచి ఇద్దరొచ్చారు, తర్వాత ఖమ్మం నుంచి ఒకమ్మాయి. ఎవరొచ్చినా అన్న కాదనలేదు. డబ్బా మీద టేపు ముక్కలు పెరిగాయి, ఆదివారాలు కుర్చీలు పెరిగాయి. నలుగురితో అన్న హాల్లో మొదలైన ఫెలోషిప్పు అరవైమంది అయింది. ఆయన పాస్టరు కాదు. చీరాల మనిషి, కార్ల విడిభాగాల ఫ్యాక్టరీలో షిఫ్టు పని. మూడేళ్ళ కిందట క్రిస్మస్ రోజున మేమే ఆయన్ని ప్రెసిడెంటును చేశాం. "నాకెందుకురా ఇవన్నీ" అని ఆయన వెనక్కి వెనక్కి పోతుంటే పట్టుకుని శాలువా కప్పాం. మేమంటే, కప్పిన చేతులు నావి.

ఈ జూలైలో మా తమ్ముడు సృజన్ చదువుకి వచ్చాడు; యూనివర్సిటీ సీటు ఇంకా రాలేదు, ముందు జర్మన్ భాష కోర్సు. నేను అన్నని అడగను కూడా అడగలేదు, చెప్పానంతే. "అన్నా, సోమవారం టౌన్ ఆఫీసులో అపాయింట్‌మెంట్ దొరికింది, సంతకం పెట్టెయ్యి" అన్నాను. ఆయన పెన్ను తియ్యలేదు.

"ఇక చాలురా ఎలియాస్. పక్కింటివాళ్ళు చూస్తున్నారు. పట్టుకుంటే ఇల్లు పోతుంది. పిల్ల స్కూలు ఉంది. కోపం తెచ్చుకోకు."

నాకు కోపం రాలేదు. కోపం వస్తే నాలుగు మాటలు అనేసి ఊరుకునేవాణ్ణి. పదమూడుమందికి పెట్టిన సంతకం నా తమ్ముడి దగ్గరే ఆగిపోయిందన్న మాట కడుపులో కూర్చుంది. నెల తిరక్కుండా ఆ ఫారం నింపాను. అది పంపిన పదిహేను రోజులకే సృజన్‌కి కాట్‌బస్ యూనివర్సిటీలో సీటూ, అన్‌మెల్డుంగ్‌తో సహా హాస్టల్ గదీ దొరికాయి. ఒక్క పదిహేను రోజులు ఓపిక పట్టలేకపోయాను.

సెప్టెంబరులో అన్నకి ఇల్లు ఖాళీ చెయ్యమని నోటీసు వచ్చింది. టౌన్ ఆఫీసు కూడా విచారిస్తుందట అన్న మాట ఫెలోషిప్పులో పాకింది. అంతే, ఆ ఇంటి పులుసు తిన్న నోళ్ళే "అన్న మనందరినీ ఇరికించాడు" అన్నాయి. అక్టోబరు మొదటి ఆదివారం ఆరాధన అయ్యాక మీటింగు పెట్టి, ప్రెసిడెంటు దిగిపోవాలనేవాళ్ళు చేతులెత్తండన్నారు. చేతులు లేచాయి. నాదీ లేచింది. అన్న అందరి వైపూ ఒకసారి చూశాడు, ఆరాధన జరిగే హాలు తాళాల గుత్తి బల్ల మీద పెట్టాడు, వెళ్ళి టీ కప్పులు కడిగాడు. ఆ వారం కప్పులు కడిగే వంతు ఆయనదే.

అప్పట్నుంచీ నాకేమీ అనిపించడం లేదు. పన్ను పీకించుకోవడానికి సూది వేయించుకున్నాక బుగ్గ ఎలా ఉంటుందో అలా ఉంది మనిషంతా. బాధ లేదు, భయం లేదు. ఆకలి కూడా గడియారం చూసి తెలుసుకుంటున్నాను. ఒక్కటే కావాలి నాకు: రాసింది నేనని అన్నకి తెలుసా, తెలియదా. తెలియకపోతే బతికిపోయినట్టే అనుకున్నాను.

నవంబరులో ఒక శనివారం అన్న కూతురు ఎవాంజలిన్ ఫోన్ చేసింది. పన్నెండేళ్ళు, ఆరో క్లాసు.

"బాబాయ్, మండే నా రెఫెరాట్. వింటానని సమ్మర్‌లో మాటిచ్చావు. మర్చిపోయావా?"

రెఫెరాట్ అంటే క్లాసులో నిలబడి ఒక విషయం గురించి మాట్లాడటం. ఈసారి ఒక్కొక్కరూ ఒక రోమన్ కైజర్ గురించి, అంటే చక్రవర్తి గురించి చెప్పాలట. నెలాఖరుకి వాళ్ళు కెమ్నిట్జ్ వెళ్ళిపోతున్నారు. ఈ స్కూల్లో ఆ పిల్లకి ఇదే ఆఖరిది. వెళ్ళాను. మాట ఇచ్చానని కాదు. అన్న మొహం చూస్తే తెలిసిపోతుందని.

ఎవరో బయటికొస్తుంటే తలుపు పట్టుకుని లోపలికి వెళ్ళాను. కింద డబ్బాల వైపు చూడకుండా మెట్లెక్కాను. ఇంటినిండా అట్టపెట్టెలు. సిల్వీ వదిన కిటాలో, అంటే పసిపిల్లల బడిలో, పనికి వెళ్ళింది. అన్న "రారా" అన్నాడు, ఎప్పుడూ అన్నట్టే, పెద్దగా కాదు, చిన్నగా కాదు. "కూర్చో, టీ పెడతా" అని వంటింట్లోకి వెళ్ళాడు. మొహంలో ఏమీ లేదు. నేను సోఫా చివర కూర్చున్నాను.

ఎవా రెండు అట్టపెట్టెలు ఒకదానిమీద ఒకటి పెట్టి బల్ల చేసుకుంది. చేతిలో చీటీలు. సగం జర్మన్, సగం తెలుగు.

"నా కైజర్ పేరు పోస్టుమస్. రాజు కొడుకు కాదు. ఎక్కడ పుట్టాడో కూడా తెలీదు. రైన్ నది దగ్గర సోల్జర్స్‌కి పెద్ద. బయటినుంచి వచ్చి దోచుకుని పోతున్నవాళ్ళని కొట్టాడు. వాళ్ళ దగ్గర దొరికింది మొత్తం తన సోల్జర్స్‌కి పంచేశాడు. కొలోన్‌లో ఒక పెద్ద ఆఫీసర్, సిల్వానస్, అదంతా తిరిగి ఇచ్చెయ్యండి అన్నాడు. సోల్జర్స్‌కి నచ్చలేదు. నువ్వే మా కైజర్ అని ఇతన్ని ఎత్తుకున్నారు."

"మరి రోమ్‌లో కైజర్?"

"ఉన్నాడు బాబాయ్. కానీ ఇక్కడంతా ఇతనే. ఫ్రాన్సు, స్పెయిన్, ఇంగ్లండు కూడా. తొమ్మిదేళ్ళు బాగా చూసుకున్నాడు." చీటీ తిప్పింది. "తర్వాత మైన్‌జ్ ఊళ్ళో ఇంకొకడు నేనే కైజర్ అన్నాడు. పోస్టుమస్ వెళ్ళి గెలిచాడు. సోల్జర్స్ ఊరంతా దోచుకుంటామన్నారు. ఇతను కుదరదన్నాడు. వద్దు, అది మన ఊరే కదా అని. చంపేశారు."

"ఎవరు?" అన్నాను. అడక్కుండా ఉండాల్సింది.

"సోల్జర్సే. కైజర్‌ని చేసినవాళ్ళే."

"వాళ్ళ పేర్లు?"

"లేవు. నేను వెతికాను. చంపినవాళ్ళ పేరు ఎవ్వరూ రాయలేదు." ఫోన్‌లో ఒక ఫొటో చూపించింది. క్లాసు వాళ్ళందరూ ఆగ్స్‌బర్గ్ వెళ్ళినప్పుడు తీసిందట. నిలువెత్తు రాయి, దాని నిండా అక్షరాలు. "ఇక్కడ చూడు, ఇది అతని పేరు. తర్వాత గీకేశారు. కానీ దగ్గరికెళ్తే ఇంకా కనిపిస్తుంది."

చూశాను. గరుకుగా చెక్కేసిన చోటు ఒకటి కనిపించింది. నాకేమీ అనిపించలేదు.

"బాబాయ్, టీచర్ తప్పకుండా అడుగుతుంది. తొమ్మిదేళ్ళు మంచిగా చూసుకుంటే ఒక్కసారి వద్దన్నందుకు ఎందుకు చంపారు అని. ఏం చెప్పాలి?"

నేను చీటీల వైపు చూస్తూ ఉన్నాను. టీ గ్లాసులతో వచ్చిన అన్న గుమ్మం దగ్గరే ఆగి జవాబు చెప్పాడు.

"మొదట్లో అన్నిటికీ సరే అన్నాడు కదమ్మా. అప్పుడే ఆలోచించుకోవాల్సింది. అడిగింది ఇస్తూ పోతే, ఇచ్చింది వాళ్ళ సొంతం అనుకుంటారు. అతని తప్పు కూడా ఉందని చెప్పు."

ఎవా బుద్ధిగా రాసుకుంది. నేను టీ తాగాను. అది కాలుతోందని నాలుక బొబ్బలెక్కాక గానీ తెలియలేదు.

లేచి షూ వేసుకుంటుంటే అన్న గోడ దగ్గరి అరలోంచి ఒక కవరు తీశాడు.

"నీ ఉత్తరం వచ్చిందిరా."

కవరు మీది ప్లాస్టిక్ కిటికీలోంచి నా పేరు కనిపిస్తోంది, కింద ఈ ఇంటి అడ్రసు. పైన మూలలో బిల్డింగు కంపెనీ ముద్ర. అప్పుడు అర్థమైంది. ఆ ఫారంలో అడ్రసు గడి కూడా ఉంది. ఐదేళ్ళుగా ప్రతి కాగితం మీదా రాసిన అడ్రసే నా వేళ్ళు అక్కడా కొట్టేశాయి. నేను చూసుకోను కూడా లేదు. కంపెనీవాళ్ళు నా పేరు ఎవరికీ చెప్పలేదు పాపం. సమాచారం ఇచ్చినందుకు ధన్యవాదాలు చెప్తూ నాకే రాసి ఉంటారు, నా ఇంటికి.

కవరు చింపి లేదు.

"ఎప్పుడొచ్చిందన్నా?"

"సెప్టెంబరులో. నోటీసు వచ్చిన మర్నాడు. నువ్వు ఇంటికొస్తే ఇద్దామనుకున్నా. రాలేదుగా."

అంటే అక్టోబరు మీటింగులో అందరి వైపూ ఒకసారి చూసినప్పుడు, నా చెయ్యి లేవడం చూసినప్పుడు, ఆయనకి తెలుసు. అంతమందిలో నా ఒక్కడి పేరు మీదే కంపెనీ ఉత్తరం వస్తే ఇంక చింపి చూడక్కర్లేదు. తెలిసే వెళ్ళి కప్పులు కడిగాడు.

ఆయన తలుపు తీసి పట్టుకున్నాడు. "కింద పేర్లన్నీ గీకేశాను. నీదొక్కటి ఉంచాను. పేరు రాయించుకోనిచ్చే గది నీకింకా కుదరలేదన్నారు ఎవరో. ఉత్తరాలు వెనక్కి పోతే వీసాకి ఇబ్బంది. నెలాఖరులోపు మార్చేసుకోరా, తర్వాత నేనుండను."

"సరే అన్నా" అన్నాను.

కిందికి దిగి ఈసారి డబ్బా ముందు నిలబడ్డాను. జిగురు మరకలు, చాకుతో గీకిన గీతలు. శామ్సన్ అన్న పేరు కూడా తీసేసి ఉంది. మధ్యలో ఒక్క తెల్ల టేపు ముక్క, సిల్వీ వదిన గుండ్రటి అక్షరాల్లో నా పేరు. దాన్ని పీకెయ్యాలని గోరు పెట్టాను. ఐదేళ్ళ టేపు, రేకుకి కరుచుకుని ఉంది. మళ్ళీ గీకాను. గోరు సగానికి విరిగి రక్తం వచ్చింది.

అప్పుడు నొప్పి పుట్టింది. మొదట వేలు, తర్వాత నాలుక, తర్వాత మిగతాదంతా. మెట్ల మీద కూర్చుని ఏడ్చాను, డబ్బా తెరుచుకుంటున్న ఒక ముసలావిడ ముందే. పైన ఇంకా మూయని తలుపులోంచి ఎవా మళ్ళీ మొదట్నించీ చదవడం వినిపిస్తోంది: నా కైజర్ పేరు పోస్టుమస్, రాజు కొడుకు కాదు.