మైకు మెచ్చిన గొణుగుడు

"గిన్నె తోముతున్నావా, యుద్ధం చేస్తున్నావా? ఇది స్టేజీ కాదు తల్లీ, కొంప. చప్పుడు తగ్గించు" అంది అత్తగారు.

కోడలు తగ్గించింది. కాపురానికి వచ్చిన నాటి నుంచీ తగ్గిస్తూనే ఉంది. బయట ఆమెను 'కంచు' అనేవారు. నాటకంలో ఆమె ఏడుపు ఎత్తుకుంటే వీధిలో బండి గుర్రాలు మేత మానేసేవి. కాస్త కలిపి చెబుతున్నానేమో గానీ, గుర్రాల సంగతి మాత్రం నిజం. అంతటి గొంతుకు ఇంట్లో చోటు లేదు. అందుకే మింగిన మాటలన్నీ అంట్ల ముందు కూర్చుని, బూడిదతో రుద్దుతూ, పెదవి కదిలీ కదలకుండా గొణుక్కునేది. 'వంట నాది, వంకలు ఈయనవి. పాట నాది, పూలదండ ఈయనకి. నాకు చప్పట్లు కొడితే హార్మోనియం ముందు నుంచి లేచి దండం పెట్టేదీ ఈయనే. ఒక్కసారి నా కోసం నేనే లేచి నిలబడితే ఎలా ఉంటుందో!'

ఆ రోజు టాకీ స్టూడియోలో ఆమె గొంతుకు పరీక్ష. రాణి వేషం. "ఇది కూడా పోయిందా, ఇక నాటకాలూ లేవు, సినిమాలూ లేవు. ఇంటిపట్టున పడి ఉందువు గాని" అని మొగుడు బండిలోనే తేల్చేశాడు.

గోడల నిండా దుప్పట్లు కట్టిన గది. దూలం నుంచి గబ్బిలంలా వేలాడుతున్న మైకు. కోట విడిచి పారిపోయే రాజుతో రాణి అనాల్సిన మాట ఒక్కటే. అలవాటు కొద్దీ ఆమె చివరి బెంచీకి వినపడేలా అంది: "మీరు వెళ్లండి. నేను ఇక్కడే ఉంటాను!"

సౌండు మనిషి చెవులకున్న హెడ్‌ఫోన్లు పీకి అవతల పెట్టాడు. "అమ్మా, మైకు మీ నెత్తి మీదే ఉంది, పొరుగూళ్లో లేదు!"

మళ్లీ అంది. మళ్లీ పీకాడు. "ఇంకొక్కసారి చూద్దాం. కుదరకపోతే వేరే ఆవిణ్ణి పిలుస్తాం."

మూల నుంచి మొగుడు నవ్వాడు. "నేను ముందే చెప్పానుగా, దీనికి అరవడం తప్ప ఏమీ రాదండీ."

ఆమెకు మండుకొచ్చింది. మండినప్పుడు ఏం చేయాలో ఆమెకు బాగా తెలుసు. తల వంచింది. ఎదురుగా మసిగిన్నె ఉన్నట్టే వేళ్లు కదిలాయి. పెదవి కదిలీ కదలకుండా అంది: "మీరు వెళ్లండి. నేను ఇక్కడే ఉంటాను."

సౌండు మనిషి కుర్చీలోంచి సగం లేచాడు. చెవులకున్నవి తీయనే లేదు. "ఇదమ్మా గొంతంటే! ఇన్నాళ్లూ ఎక్కడ దాచారు?"

"అంట్ల దగ్గర" అంది.

మొగుడు గొడుగు చంకన పెట్టుకుని ముందుకు వచ్చాడు. "వేషం ఖాయమేగా? ఒప్పందం మాటలు నేను రేపొచ్చి మాట్లాడతాను. పద, వంటకి అమ్మ ఎదురు చూస్తుంటుంది."

ఆమె కదల్లేదు. గొణుగుడికి మైకు దొరికింది. ఇక ఆ కంచు గొంతు ఖాళీయే కదా, ఊరికే ఎందుకు పడుండాలి? గుండె నిండా గాలి పీల్చుకుంది.

"మీరు వెళ్లండి. నేను ఇక్కడే ఉంటాను. నా ఒప్పందం నేనే మాట్లాడుకుంటాను. వంట మీరు చేయండి!"

వీధిలో బండి గుర్రం మేత మానేసింది.