మాస్టారు చెయ్యెత్తిన రోజు

అది మార్చి నెల ఆఖరి బుధవారం, పొద్దున ఏడున్నర. వంటింట్లో కుక్కర్ కూత వేస్తోంది. పెరట్లో కుళాయి ధారగా పడుతోంది. అత్తగారు, అంటే మాస్టారి తల్లి, పాలవాడితో మొదలుపెట్టి లోకం మొత్తాన్నీ తిట్టుకొస్తున్నారు. మాస్టారు పేపరు మీంచి తల తిప్పకుండా కుడిచెయ్యి పైకెత్తారు. అంతే, అన్నీ గప్‌చుప్. ఆవిరి లేస్తూనే ఉంది, నీళ్లు పడుతూనే ఉన్నాయి, అత్తగారి పెదవులు ఆడుతూనే ఉన్నాయి, చప్పుడు మాత్రం లేదు. చదవడం అయ్యాక ఆయన చెయ్యి దించారు. తిట్లు ఆగిన చోటి నుంచే మళ్లీ అందుకున్నాయి.

కాలేజీలో తర్కం చెప్పినన్నాళ్లూ క్లాసులో గోల అణచింది ఆ చెయ్యే. ఎన్నికల ముందు ఓ మీటింగులో కుర్చీలు గాల్లోకి లేస్తుంటే ఎవరో బతిమాలి తీసుకెళ్లారు. ఆయన వెళ్లి చెయ్యెత్తారు. పార్టీ పెద్దాయన మర్నాడే ఇంటికొచ్చి, ఇలాంటి చెయ్యి తమకి కావాలన్నాడు. అలా పాఠం సగంలో వదిలేసి మాస్టారు శాసనసభ్యుడైపోయారు. అదెలా జరిగిందో ఆయనకే సరిగ్గా తెలీదు. ఆయన భార్యకి అసలే తెలీదు. దేవుడిచ్చిన చెయ్యి, దేవుడే చూసుకుంటాడని ఊరుకుంది.

ఆ రోజు శాసనసభ సమావేశాలకి చివరి రోజు, ఆలోగా నెగ్గని బిల్లు మురిగిపోయినట్టే. చిన్న కాలేజీలన్నీ మూసేసి, దూరాన ఉన్న ఒకే పెద్ద కాలేజీలో కలపాలన్న బిల్లు ఓటుకి వస్తోంది. మూతపడేవాటిలో మాస్టారి కాలేజీ ఒకటి. కూతురు చదువుతున్నదీ అక్కడే. "కాదనేవాళ్లు చెప్పండి" అని సభాపతి అడగ్గానే చెయ్యెత్తమని పెద్దాయన మాస్టారికి చెప్పిపెట్టాడు. ఒక్క "కాదు" కూడా వినపడకపోతే బిల్లు నెగ్గినట్టే. ఈ సంగతి తెలిసినప్పటినుంచీ కూతురు తండ్రితో మాట్లాడటం మానేసింది.

"ఎత్తుతారా?" అంది భార్య, ఆయన చొక్కాకి ఊడిన గుండీ కుడుతూ. పక్కగదిలోంచి కూతురు వింటోంది.

"పెద్ద కాలేజీలో మంచి లైబ్రరీ ఉంటుంది, అది నిజం. దూరమని సగంమంది ఆడపిల్లలు మానేస్తారు, అదీ నిజం. రెండూ నిజమైతే ఏం చెయ్యాలో నేనెప్పుడూ పాఠం చెప్పలేదు."

"మరి ఇన్నేళ్లూ ఏం చెప్పారండీ?"

"పరీక్షకి వచ్చేది."

తల్లీకూతుళ్లు వెళ్లి సందర్శకుల గ్యాలరీలో కూర్చున్నారు. సభాపతి గొంతు సవరించుకుని, "అవుననేవాళ్లు చెప్పండి" అన్నాడు. మాస్టారి చెయ్యి లేచింది.

పార్టీ వాళ్లంతా నోళ్లు బార్లా తెరిచి "అవును" అన్నారు. ఒక్కటీ వినపడలేదు. పెద్దాయన వెనక్కి తిరిగి కళ్లెర్రజేశాడు. మాస్టారు తొందరపడ్డారా, మర్చిపోయారా, కావాలనే ఎత్తారా? భార్యకి అంతుపట్టలేదు. కళ్లజోడు పెట్టుకునే కళ్లజోడు వెతుక్కునే మనిషిలా ఉంది ఆయన మొహం. ఎడంచేత్తో కుడిచేతిని లాగుతున్నారు. అది దిగడం లేదు.

ఆ సభలో నోటితో అననిదేదీ లెక్కలోకి రాదు. మాస్టారిని బయటికి పంపాలంటే సభాపతి ఆజ్ఞ ఇవ్వాలి, ఆ ఆజ్ఞ కూడా నోటితోనే ఇవ్వాలి. ఆయన బల్ల బాదాడు, మెడ నరాలు ఉబ్బేలా అరిచాడు, చివరికి నీళ్లు తాగి కూర్చున్నాడు. అలాగే సాయంత్రమైంది, సభ గడువు ముగిసింది, బిల్లు మురిగిపోయింది. మాస్టారిని కారెక్కించి, చెయ్యి కిటికీలోంచి బయట పెట్టించి ఇంటికి తీసుకొచ్చారు. దారి పొడుగునా ఒక్క హారనూ మోగలేదు.

మర్నాడు పొద్దునా చెయ్యి అలాగే ఉంది. పాలు పొంగినా చప్పుడు లేదు. దేవుడి గదిలో భార్య పెదవులాడించింది, ఏం కోరుకుందో తనకే వినపడలేదు. మాస్టారు కుర్చీలో కూర్చుని, భయం భయంగా ఒక్కొక్కరి మొహమూ చూస్తున్నారు.

కూతురు లోపలికెళ్లి నోటుపుస్తకం తెచ్చుకుని ఆయన ఎదురుగా నేలమీద కూర్చుంది. భార్యకి అప్పుడర్థమైంది. క్లాసంతా కుదురుగా కూర్చుంటే తప్ప ఆయన చెయ్యి దించేవారు కాదట, ఎప్పుడో ఆయనే చెప్పారు. ఇన్నేళ్ల కాపురంలో తనెప్పుడూ ఆయన పాఠం వినలేదు. పొయ్యి కట్టేసి, చేతులు తుడుచుకుని కూతురి పక్కన కూర్చుంది. అత్తగారు మోకాళ్లు పట్టుకుని గోడవారగా చేరగిలబడ్డారు.

చెయ్యి మెల్లగా దిగింది. ముందు కుళాయి చుక్క వినపడింది. తర్వాత ఆయన గొంతు.

"కిందటిసారి ఎక్కడ ఆపాం?"

"రెండూ నిజమైనప్పుడు అన్న దగ్గర, నాన్నా," అంది కూతురు.

"నాకవన్నీ తెలీవు, మొదట్నించీ చెప్పరా," అన్నారు అత్తగారు.

గేటు దగ్గర పెద్దాయన కారు వచ్చి ఆగి, హారన్ మీద హారన్ కొట్టింది. అందరికీ వినపడింది. ఎవరూ లేవలేదు.