నాగవేణి పేరున వచ్చిన ఉత్తర్వు

జవళగిరి దగ్గరి ఆ అడివంచు బడిలో తెలుగు టీచరు పోస్టు ఒకటే ఉండింది. ఎంపిక జాబితాలో ముందు నాగవేణి, ఆమె వెనకాలే త్రివేణి. ఇద్దరూ హోసూరులో ఒకే గదిలో ఉండి పరీక్షకు చదువుకున్నవాళ్ళు.

నాగవేణి ఫైలు కృష్ణగిరి విద్యాశాఖ ఆఫీసులో ఏడాది పైగా కదల్లేదు. ఒకరోజు ఏదో పని మీద అక్కడికి పోయిన త్రివేణిని, నాగవేణి ఇంకా ఈ ఉద్యోగానికి కాచుకోనుందా అని గుమాస్తా అడిగినాడు. కంపెనీలో చేరిపోయిందంట అని త్రివేణి నోట్లోంచి వచ్చేసింది. అది అబద్ధం. గుమాస్తా రాసుకున్నాడు.

నాగవేణి మద్రాసు హైకోర్టులో రిట్ వేసింది. ఎనిమిది వారాల్లో తేల్చమని కోర్టు ఆఫీసుకు చెప్పింది. గడువు దాటినా ఉలుకూ పలుకూ లేదు. వకీలు ఈసారి కోర్టు ధిక్కారం కింద పిటిషన్ వేసినాడు. ఈ తిరుగుళ్ళలో ఇల్లు గడవక నాగవేణి నిజంగానే హోసూరులో ఒక ఫ్యాక్టరీలో చేరింది. ఒక వానపొద్దు స్కూటీ మీద షిఫ్టుకు పోతా డెంకణికోట రోడ్డులో లారీ కింద పడి చనిపోయింది. పన్నెండో దినం ఆమె పేరున నియామక ఉత్తర్వు ఇంటికొచ్చింది. మరుసటి నెల పోస్టు త్రివేణికి ఇచ్చినారు.

చేరిన దినం నుంచి త్రివేణికి మనసు మనసులో లేదు. హాజరు పిలుస్తుంటే, గుమ్మం దగ్గర ఎవరో తమ పేరు కోసం కాచుకుని నిలబడినట్టుండేది. తలెత్తితే ఎండ తప్ప ఏమీ లేదు. బోర్డు మీద రాస్తుంటే అక్షరాలు నాగవేణి రాతలాగే పక్కకు వాలేవి. తుడిచి మళ్ళీ రాసేది.

ఒక పొద్దున నాగవేణి అమ్మ సుబ్బక్క తళి బస్సు దిగి వచ్చింది. బిడ్డ చెప్పాల్సిన తరగతి ఒకసారి చూసి పోతానని వెనక బెంచీలో కూర్చుంది. పిల్లలు అన్నానికి పోయినాక త్రివేణి ఆమె ముందర కూలబడి, గుమాస్తాతో తానన్న మాట చెప్పేసింది.

సుబ్బక్క కిటికీలోంచి అడివి వైపు చూసింది.

"తెలుసమ్మా," అనింది. "ఆఫీసోళ్ళు కోర్టుకిచ్చిన జవాబులో నీ పేరుతో సహా ఉండాది. నాగవేణి చదివింది."

"నన్ను ఒక మాటా అడగలేదే పెద్దమ్మా."

"అడగబోతే నేనే ఆపినాను. ముందు ఉద్యోగం రానీ, అప్పుడు అడుగుదువులే అన్నాను."

లేచి బస్సుకు పోయింది.

తాను చెప్పింది అబద్ధమని ఫైల్లో చేర్చమంటూ ఆ వారమే త్రివేణి ఆఫీసుకు రాసింది. ఉద్యోగం తీసేస్తారేమోనని భయపడింది. తీసేస్తే బాగుండునని కూడా అనుకుంది. ఏడు నెలలైంది. ఆ కాగితం ఎవరి టేబులు మీద ఉందో అడిగితే ఎవరూ చెప్పడం లేదు. త్రివేణి రోజూ బడికి పోతానే ఉంది.