చెరపమన్న గుర్తులు

ఫ్రాన్సులో బ్రిటనీ అనే తీరప్రాంతం ఉంది. అక్కడ చేపలు పట్టుకుని బతికే ఓ చిన్న ఊరు, ఊరి చివర ఎనిమిది వందల ఏళ్ల నాటి క్రైస్తవ మఠం. కప్పు ఎప్పుడో పోయింది. గోడల్ని మాత్రం ఊరివాళ్లే చందాలేసుకుని నిలబెట్టుకుంటున్నారు. వాళ్లు పంపిన ఫొటోలు చూసి, ఆ మఠాన్ని కంప్యూటర్లో రాయి మీద రాయి పేర్చి కట్టే పని దిల్‌సుఖ్‌నగర్‌లో ఓ మూడో అంతస్తు ఆఫీసుకి వచ్చింది. కడుతున్నది స్వరూపరాణి.

కట్టేకొద్దీ రాళ్ల మీద గీతలు బయటపడ్డాయి. ఒకదాని మీద బాణం, ఇంకోదాని మీద చేప ముల్లు. మేనేజరు ప్రసన్నకుమార్ అవన్నీ మరకలని తేల్చేశాడు. శుక్రవారం సాయంత్రంలోగా తుడిచేసి పంపమన్నాడు. ఆయనకు శుభ్రం పిచ్చి. బల్ల మీద పెన్ను వంకరగా ఉన్నా ఓర్చుకోలేడు.

మరకలట! స్వరూపకు ఒళ్లు మండింది. హయత్‌నగర్ అవతల క్వారీలో ముప్పై ఏళ్లు, కంచెలకు పాతే రాతి కడీలు కొట్టిన బిక్షమయ్య కూతురామె. ప్రతి కడీ అడుగునా నాన్న రెండు గీతలు, ఓ చుక్క చెక్కడం చిన్నప్పటి నుంచీ చూసింది. అయినా అనుమానం తీరక, ఎల్.బి.నగర్‌లో ఇంటికి చేరగానే ఫోన్లో ఆ ఫొటో చూపించింది. బిక్షమయ్య బొటనవేలితో రాయిని తడిమినట్టే తెరను తడిమాడు.

"మరకెట్లయితది బిడ్డా? కొట్టినోని పేరిది. సదువు రానోడు గిట్లనే రాస్తడు."

మర్నాడు ఆ మాటే ప్రసన్నకుమార్‌కి చెప్పింది. ఆయన తల కూడా ఎత్తలేదు.

"చూడ్డానికి నున్నగా ఉండాలమ్మా. నీ వల్ల కాకపోతే చెప్పు, నీ పక్క సీటు గౌతమ్‌కి ఇస్తాను. సోమవారం నుంచి నువ్వు రానక్కర్లేదు."

భయం వేసింది, దాచడమెందుకు? నాన్న చేతుల్లో సుత్తి పట్టే బలం పోయాక ఇల్లు నడిచేది ఆమె జీతంతోనే. అయినా తన సీటు దగ్గరకెళ్లింది. ఓ తెల్లకాగితం తీసి నాలుగు లైన్లు రాసి, తీసుకెళ్లి ఆయన ముందు పెట్టింది. మఠం రాళ్ల మీది మూడు వందల పన్నెండు గుర్తులు చెరపమన్నది తానేనని మేనేజరు ఒప్పుకుంటున్న కాగితమది.

"చెరుపుత సార్. మీరే చెప్పిన్రని కింద పేరు రాసి సంతకం పెట్టుండ్రి. రేపు ఆ ఊరోళ్లు అడిగితే చూపిస్త."

ప్రసన్నకుమార్ పెన్ను తీశాడు. కాగితం రెండుసార్లు చదివాడు. పైవాళ్లతో మాట్లాడాలని గొణిగాడు.

"అక్షరం రానోళ్లు మూడు వందల చోట్ల పెట్టిన్రు సార్. మీరు ఒక్కచోట పెట్టలేరా?"

ఆయన పెన్నుకి మూత పెట్టేశాడు.

స్వరూప సీటుకి వచ్చి, గుర్తులన్నీ అట్లాగే ఉంచి ఫైలు పంపేసింది. సోమవారం సరిగ్గా తొమ్మిదింటికి వచ్చి తన కుర్చీలో కూర్చుంది. లెమ్మని ఎవరూ అనలేదు.