మూడు గోడల ఇల్లు

గూట్లోకి మోచేతి దాకా చెయ్యి పెట్టి, రాళ్ళ వెనకాల మిగిలిన సందులో సున్నం కూరుతున్నాడు మేస్త్రి. కన్ను ఆనే చోటు కాదది. గచ్చు నిండిందో లేదో వేళ్ళకే తెలియాలి. ఆ వేళ్ళు ఏళ్ళ తరబడి సున్నంలో నాని, గీతలన్నీ చెరిగిపోయి, అరిగిన సబ్బు ముక్కల్లా నున్నగా తయారయ్యాయి.

"అన్నయ్యా, కాస్త ఆగు," అంది వెనకనుంచి ఆ ఇంటి కుట్టుపనామె. సామాన్లన్నీ మూటలు కట్టేసి, మూటల మధ్య దేనికోసమో తడుముకుంటోంది. "నా కళ్ళజోడు కనబడటం లేదు."

మేస్త్రి చెయ్యి ఆగిపోయింది. "ఎక్కడ పెట్టావమ్మా?"

"ఎక్కడ పెడతాను? రోజూ పెట్టే చోటే. గూట్లో."

ఇద్దరూ కలిసి గోడకేసి చూశారు.

పూడ్చేముందు గూడంతా చేత్తో ఒకసారి తడిమి చూసుకోవడం పనిలో మొదటి నియమం. మేస్త్రి ఈ రోజు అది మరిచిపోయాడు. ఒక్కొక్క రాయీ మళ్ళీ ఊడదీశాడు. ఒక కాడకు సున్నం పూసుకుని కళ్ళజోడు బయటికొచ్చింది. ఆమె కొంగుతో తుడిచి పెట్టుకుని, అతని ముఖంలోకి చూసింది.

"అయ్యో, నువ్వింత అలిసిపోయావా! జోడు లేక తెలియలేదు," అంది.

అలసట మాట నిజమే. ఊరి చుట్టూ ఉన్న కోటగోడ వెంబడి వరుసగా ఇళ్ళన్నిటిలో గూళ్ళు పూడ్చుకుంటూ వచ్చాడు. మోకాళ్ళు లేవనంటున్నాయి, భుజం తిరగనంటోంది. కానీ ఈ రోజు మతి నిలవకపోవడానికి కారణం వేరు. దీని తరవాతి ఇల్లు వరుసలో చివరిది. అది వాళ్ళ అక్కది.

గోడ కట్టిన రోజుల్లో దాని లోపల పొలాలు కూడా ఉండేవట. భయం వేసినప్పుడల్లా చుట్టుపక్కల జనం లోపలికి పరుగెత్తుకొచ్చేవారు. వచ్చినవాళ్ళలో సగంమంది తిరిగి వెళ్ళేవారు కాదు. పొలాలు ఇళ్ళయ్యాయి. గోడ జరగదు కాబట్టి ఇళ్ళు పైకి లేచాయి, సందులు సన్నబడ్డాయి, వీధులన్నీ గోడతో పాటే వంపు తిరిగాయి. ఎదురుగా మనిషి వస్తే పక్కకు తిరిగి దారివ్వడం ఇక్కడి పిల్లలకు నడకతో పాటే వస్తుంది. ఎవరికి భయపడి గోడ కట్టారో ఇప్పుడు ఎవరికీ గుర్తు లేదు. లోపలివాళ్ళు, బయటివాళ్ళు అన్న మాటలు మాత్రం మిగిలాయి. లోపలివాళ్ళు కూరలు కొనడానికి తప్ప కోట ద్వారం దాటేవారు కాదు. పిల్లనిచ్చిపుచ్చుకోవడం అసలే లేదు.

ఏ జాగా దొరకనివాళ్ళు చివరికి గోడకే చేరగిలబడ్డారు. దాన్ని ఆనుకుని కట్టుకుంటే మూడు గోడలతోనే ఇల్లయిపోతుంది. ఆ నాలుగోది ఎంత మందమంటే దానిమీద బండి నడపొచ్చు. అంత మందం ఊరికే ఉండటం ఇల్లాళ్ళకు నచ్చలేదు. మొదట దీపానికో గూడు, ఆ తరవాత డబ్బాలకు, పాత బట్టలకు, ఆఖరికి పసిపిల్లల్ని పడుకోబెట్టడానికి. సైన్యాలు బయటినుంచి పగలగొట్టలేకపోయిన గోడను ఆడవాళ్ళు అట్లకాడలతో లోపలినుంచి తొలిచేశారు. పోయిన వానాకాలం ఆ పక్క వరుసలో గోడ ఉబ్బి కూలింది. పట్టపగలు కావడంతో ప్రాణాలు దక్కాయి. గూళ్ళన్నీ పూడ్చాలి, గోడ వారన ఎవరూ ఉండకూడదని ఆఫీసువాళ్ళు తేల్చేశారు. పోవడానికి ఇల్లున్నవాళ్ళు పోయారు. లేనివాళ్ళకు సంత పక్కన రేకుల షెడ్డులో వరసగా మంచాలు వేయించారు. చివరి ఇంటికి ఈ సాయంత్రం తాళం వేస్తారు.

మేస్త్రి పుట్టింది ఆ చివరి ఇంట్లోనే. తల్లి పోయాక అక్కే పెంచింది. పెళ్ళీ పెటాకులూ లేకుండా పెంచింది. ద్వారం బయట తాళ్ళు అమ్ముకునే పిల్లను చేసుకుంటానని అతనన్న రోజున అక్క కేకలు వెయ్యలేదు. "వెళ్ళరా. నేను మాత్రం ఆ గుమ్మం తొక్కను," అంది. తొక్కలేదు. కూతురు పుడితే ఎంతో ముచ్చటగా చొక్కాలు కుట్టి పంపింది గానీ తను రాలేదు. మరదలు అన్న మాట ఆవిడ నోట ఏనాడూ రాలేదు. 'ఆ తాళ్ళమ్మి' అనేది.

ఆ తాళ్ళమ్మి అతన్ని మొదటిసారి చూసి పగలబడి నవ్వింది. బళ్ళు నాలుగు పక్కపక్కన పోయేంత వెడల్పు రోడ్డు మీద, ఒక మేక ఎదురొస్తే పక్కకు తిరిగి దారిచ్చాడు మరి! ఇప్పటికీ ఇస్తాడు. ఆమె ఇప్పటికీ నవ్వుతుంది. లోపల అతన్ని 'బయటోడు' అంటారు, బయట 'గోడాయన' అంటారు. ఈ రెండు పేర్ల మధ్యా జుట్టు నెరిసిపోయింది.

పొద్దున బయల్దేరుతుంటే అన్నం గిన్నె చేతికిచ్చి, చెవి వెనక నిన్నటి సున్నాన్ని గోటితో గీకుతూ, "ఏమయ్యా, మీ అక్కను తీసుకురాకుండా వచ్చావో, నీకూ తలుపు తియ్యను," అంది.

"రానంటే?"

"ఆవిడ షెడ్డులో పడుకుంటే నాకు మన ఇంట్లో నిద్ర పడుతుందా? నువ్వు బతిమాలు. నీకు బాగా వచ్చు. నన్ను బతిమాలలేదూ?"

సున్నం గమేళా మోసుకుని వెళ్ళేసరికి అక్క గడప మీద కూర్చుని ఉంది. పక్కన చిన్న మూట. ఇల్లంతా ఊడ్చేసి ఉంది.

"వచ్చాడయ్యా బయటోడు. మా ఇల్లు పూడ్చడానికి మా వాడే దొరికాడు వాళ్ళకి."

"ఎవడో వచ్చి ఎడాపెడా కొట్టిపోయేకంటే నేను నయం కదక్కా."

"నయమేలే. తడిమి చూసుకో. కళ్ళజోళ్ళు పూడుస్తున్నావట."

"అప్పుడే ఇక్కడిదాకా వచ్చిందా ఆ కబురు?"

"గోడకి చెవులుంటాయిరా. నోరు కూడా ఉంటుంది."

అతను నవ్వబోయి దగ్గాడు. దీపం గూడు, ఉప్పు గూడు, దువ్వెన పెట్టుకునే చిన్న గూడు అన్నీ తడిమి తడిమి పూడ్చాడు. చివరికి పెద్దది మిగిలింది. నేల నుంచి మోకాలెత్తున, లోపలికి చాలా దూరం తొలిచిన గూడు. చిన్నప్పుడు అందులోనే పడుకునేవాడు. ఎండాకాలం రాయి చల్లగా ఉండేది, వానాకాలం అక్క గోనె పరిచేది.

"అబ్బో, దాన్లో కాళ్ళు చాపుకుని పడుకునేవాడివి. ఇప్పుడు తల కూడా పట్టేట్టు లేదు. పొగరు పెరిగింది."

"పొగరు కాదక్కా, ఎముకలు." చేతిలో రాయి కింద పెట్టి అన్నాడు, "మా ఇంటికి రా."

"మీ ఇంటికా! నాలుగు వైపులా గాలి. నేను వీపెక్కడ ఆనించుకోను?"

"ఇన్నేళ్ళూ నేనెక్కడ ఆనించుకున్నాను?"

"నీకేంరా, నీకు పెళ్ళాం ఉంది." మూట ముడి విప్పి మళ్ళీ బిగించింది. "పిలుస్తున్నది ఆవిడా, నువ్వా?"

"పిలిచింది ఆవిడ. నేను బతిమాలుతున్నాను."

అక్క వీధిలోకి చూస్తూ కూర్చుంది. వీధిలో ఎవరూ లేరు. "షెడ్డుకి పోతానురా. అక్కడైతే అందరం గెంటించుకున్నవాళ్ళమే. ఎవరూ ఎవర్నీ చూడరు. నువ్వు చెయ్యి పట్టుకుని నన్ను ఆ రోడ్డు మీద నడిపించుకుపోతుంటే, జనం చూసి 'పాపం ముసల్ది' అంటే, నేను తట్టుకోలేను."

"ఎవరూ అనరక్కా."

"నువ్వు అనుకోవూ?"

అతను జాలి పడుతున్నాడు మరి. ఆవిడ మీదా, తన మీదా, తొలిచి తొలిచి గుల్లయిన ఆ గోడ మీదా కూడా.

"గచ్చు బిగుసుకుపోతోంది. పని చూసుకో," అంది అక్క.

పెద్ద గూట్లోకి తలా భుజాలూ దూర్చాడు. లోపల బయటి చప్పుడేదీ వినబడదు, తన ఊపిరి తనకే తిరిగొస్తుంది. అట్టడుగున అక్క అట్లకాడ గాట్లు వేళ్ళకు తగిలాయి. ఎంత కష్టపడి తొలిచిందో, ఎంత వయసుందో అప్పుడు ఆవిడకి. ఒక రాయి పెట్టాడు. దాని పక్కన మరొకటి. తొందరపడలేదు. ఇంత మెల్లగా, ఇంత గట్టిగా అతను ఏ గూడూ పూడ్చలేదు.

వెనక్కి పాకి బయటికొచ్చేసరికి గడప మీద అక్క లేదు. మూట లేదు. తలుపు మూసి ఉంది. తోస్తే రాలేదు. బయట గొళ్ళెం పెట్టి ఉంది.

"అక్కా!"

ఇల్లు వదిలి వెళ్ళేటప్పుడు గొళ్ళెం పెట్టడం ఆవిడ చేతికి ఉన్న అలవాటు. లోపల మనిషున్నాడని ఆ చెయ్యి మరిచిపోయింది. తలుపు బాదాడు. వరుసంతా ఖాళీ, పలికేవాళ్ళెవరు? ఆ ఇంటికి ఉన్నది ఒక్కటే తలుపు. వెనక వైపు గోడ. దాన్ని తన చేత్తోనే ఇప్పుడే గట్టిచేశాడు.

షెడ్డుకే పోయి ఉంటుంది. చెప్పకుండా, తను గోడలో తల పెట్టి ఉన్నప్పుడు చూసి మరీ పోయింది. పెళ్ళానికేం చెప్పాలి? గోడకు వీపు ఆనించి కూలబడ్డాడు. లేచి మళ్ళీ బాదే ఓపిక లేదు.

ఎండ వాలాక, మిగిలిన రాళ్ళు తీసుకుపోవడానికి వచ్చిన బండివాడు గొళ్ళెం తీశాడు. లోపల మేస్త్రిని చూసి పొట్ట పట్టుకుని నవ్వాడు.

"దొంగని పట్టినట్టు పట్టి పెట్టిపోయిందే మీ అక్క!"

"ఎటు పోయింది? షెడ్డుకేనా?"

"షెడ్డేంటి? ద్వారం దాటి పోయింది. మూట నెత్తిన పెట్టుకుని మహారాణిలా నడుస్తోంది. బండెక్కు పెద్దమ్మా అంటే, నాకు కాళ్ళున్నాయి అంది. దారడిగితే చెప్పాను."

"ఏ దారి?"

"తాళ్ళమ్మే ఆవిడ ఇల్లెటు అంది. గోడాయన ఇల్లే కదా అన్నాను. నా మీద ఇంతెత్తున లేచింది. 'వాడి ఇల్లు కాదు, మా మరదలి ఇల్లు. చుట్టపుచూపుగా పోతున్నాను' అంది."

మేస్త్రి ముఖం తుడుచుకున్నాడు. సున్నం చేతులని గుర్తులేక కళ్ళు మండాయి.

ఆఫీసు మనిషి తాళంచెవుల గుత్తి గలగలలాడిస్తూ వచ్చి, త్వరగా కానివ్వమన్నాడు. మేస్త్రి తాపీ, గమేళా తీసుకుని బయటికొచ్చాడు. తలుపు మూస్తుంటే లోపలికి పడిన వెలుగు సన్నబడుతూ మూల దాకా పాకింది. అక్కడ, ఊడ్చిన నేల మీద, అతను పని మొదలెట్టినప్పుడు అక్కడ లేని, అంచుల దాకా నీళ్ళు నింపి మూతపెట్టిన కుండ, మూత మీద కడిగి బోర్లించిన ఒక గ్లాసు.